షబానా ఒక్కతే కాదు

ఐదు జాతీయ అవార్డులు. షబానా ఆజ్మీ గురించి ఎవరు రాసినా ఇక్కడే మొదలుపెడతారు. అంకుర్, అర్థ్, ఖండహర్, పార్, గాడ్‌మదర్ అని వేళ్లు మడిచి లెక్కపెడతారు, మధ్యలో మూడూ వరసగా మూడేళ్లు వచ్చాయని గుర్తుచేస్తారు, తర్వాత పద్మభూషణ్, రాజ్యసభ, అయిపోయింది. ఆ లెక్క మీద నాకేం కోపం లేదు, అవార్డులు ఊరికే రావు. కానీ ఆ లెక్కలో ఆమె చేసిన పని ఏంటో కనబడదు, ఎవరెవరితో కలిసి చేసిందో అసలే కనబడదు. నేను చెప్పదలుచుకున్నది ఒకటే. షబానా యాభై ఏళ్లు ఏదో ఒక బృందంలో మనిషిగా పని చేసింది, ఆమె బలమంతా అక్కడే ఉంది. బృందం దొరకని చోట ఆమె కూడా మామూలు నటే. నమ్మకపోతే డెబ్బైల చివర్లో ఆమె చేసిన కమర్షియల్ సినిమాలు ఒక రెండు మూడు చూసి రండి, నేనిక్కడే ఉంటాను.

నల్లగొండలో కూర్చుని బొంబాయి నటి గురించి ఇంత రాయడం ఎందుకంటారా, ఆమె సినిమా బతుకు మొదలైందే మన పల్లె కథతో. 1974లో వచ్చిన 'అంకుర్' తెలంగాణ దొరతనం కథ. తీసిన శ్యామ్ బెనెగల్ తిరుమలగిరిలో పుట్టి నిజాం కాలేజీలో చదువుకున్న హైదరాబాదీ. మరుసటి ఏడాది వచ్చిన 'నిశాంత్'లోనూ ఊరు 1945 నాటి తెలంగాణ ఊరే. 1987లో 'సుస్మన్', అది పోచంపల్లి నేత కార్మికుల కథ. అప్పుడు పోచంపల్లి మా నల్లగొండ జిల్లాలోనే ఉండేది, 2016లో జిల్లాలు విడగొట్టినప్పుడు యాదాద్రి భువనగిరిలోకి పోయింది. ఆమె పుట్టింది కూడా హైదరాబాద్‌లోనే, 1950లో. తల్లి షౌకత్‌ది హైదరాబాదే మరి. మన మనిషని చెప్పుకోవడానికి ఇంత సరంజామా ఉంది, అయినా మన దగ్గర ఆమె పేరెత్తితే "ఆర్ట్ సినిమాలామె కదా" అని ఒక్క ముక్కతో తేల్చేస్తారు. ఇంకో రకం వాళ్లుంటారు, వాళ్లు "మహానటి" అని ఒక దండేసి పక్కన కూర్చోబెడతారు. రెండూ ఒకటే, రెంట్లోనూ పని గురించి మాటుండదు.

అంకుర్ నుంచే మాట్లాడుకుందాం. లక్ష్మి కుమ్మరి కిష్టయ్య పెళ్లాం. కిష్టయ్యకు మాట రాదు, వినబడదు. పిల్లలు లేరు, సినిమా మొదట్లోనే ఊరి అమ్మవారి దగ్గర బిడ్డ కోసం మొక్కుకుంటూ కనిపిస్తుంది. పట్నం చదువు ఆపించి తండ్రి ఊరికి పంపేసిన దొర కొడుకు సూర్య ఇంట్లో పనికి కుదురుతుంది. తర్వాత జరిగేది మన పల్లెల్లో ఎవరికీ కొత్త కాదు. అందరూ చెప్పేది చివర్లో ఆమె దొర ఇంటి ముందు నిలబడి శాపనార్థాలు పెట్టే సీను గురించి. గొప్పగా చేసింది, కాదనను. నాకు మాత్రం అంతకు ముందు, కిష్టయ్యతో ఉన్నప్పటి లక్ష్మి ఇష్టం. ఎదుటి మనిషికి మాట రానప్పుడు వీళ్లిద్దరి సంసారం అంతా చేతులతో, కళ్లతో నడవాలి. ఆమె సైగ చేస్తే అతను అందుకోవాలి, అతని ముఖంలో మారినదాన్ని ఆమె పట్టుకోవాలి. ఎక్కడో ఒకచోట ఒకరు తప్పినా అది నటన అని తెలిసిపోతుంది. కిష్టయ్యగా చేసిన సాధు మెహర్ అక్కడ అంత నిజంగా ఉండబట్టే షబానా లక్ష్మి అయింది. ఆ ఏడాది ఉత్తమ నటుడి జాతీయ అవార్డు ఆయనకే వచ్చింది, ఉత్తమ నటిది షబానాకు. ఇద్దరికీ ఒకే సినిమాకు వచ్చాయి. యాభై ఏళ్ల తర్వాత ఇద్దరిలో ఎవరి పేరు మిగిలిందో చూస్తున్నాం కదా.

మా చిన్నమ్మకు ఈ సినిమా నా ఫోన్‌లో చూపించాను. గట్టుప్పల్‌లో ఉంటుంది, పుట్టినప్పటి నుంచి మగ్గం చప్పుడు మధ్యే బతికిన మనిషి. కొంచెం సేపు మాట్లాడకుండా చూసింది. తర్వాత అన్నది, "కూసునుడు, ఊడ్సుడు, పొయ్యి కాడి పని, అంతా మంచిగనే నేర్సుకున్నది బిడ్డా. గాని మన తాన కుమ్మరోల్లు ఇంట్ల ఉర్దూ మాట్లాడుతరా?"

దీనికి జవాబు లేదు. ఆ సినిమాలో మాటలు దక్కనీలో, అంటే మన హైదరాబాదీ ఉర్దూలో ఉంటాయి. దక్కనీ మన నేల మీది భాషే, కాదనలేం, హైదరాబాద్ చుట్టుపక్కల ఎంతమంది నోట్లోనో ఉన్నదే. కానీ పల్లెలో కుమ్మరింటి ఆడమనిషి మొగునితో మాట్లాడేది తెలుగు. దేశమంతా చూడాలంటే హిందీలో తీయాలి, హిందీలో తీస్తే తెలంగాణ ఊరు కొంత తెలంగాణ కాకుండా పోతుంది, ఆ బేరం బెనెగల్ తెలిసే చేసుకున్నాడు. చిన్నమ్మ పెట్టిన వంక నిజం. చిన్నమ్మ మెచ్చుకున్నదీ నిజమే. బొంబాయిలో కాన్వెంట్ చదువు, పుణె ఫిలిం ఇన్‌స్టిట్యూట్ శిక్షణ ఉన్న అమ్మాయి గొంతుక్కూర్చునే తీరును, ఒంటితో చేసే పనిని మా చిన్నమ్మ కంటికి ఆనేంత నేర్చుకుంది. ఇలాంటివి ఇంట్లో అద్దం ముందు నేర్చుకుంటే రావు. ఊళ్లోకి పోవాలి, అక్కడి ఆడవాళ్లు ఎలా లేస్తారో ఎలా వంగుతారో చూడాలి, వాళ్లు నవ్వితే నవ్వించుకోవాలి. ఊరి మనుషులూ ఆ పాత్రకు గురువులే, టైటిల్స్‌లో వాళ్ల పేర్లు ఉండవంతే.

ఈ అలవాటు ఆమెకు ఎక్కడిది? ఇంట్లోదే. ఆమె చిన్నతనం బొంబాయిలో కమ్యూనిస్టు పార్టీ వాళ్ల రెడ్ ఫ్లాగ్ హాల్‌లో గడిచింది. ఎనిమిది కుటుంబాలు, ఒక్కో కుటుంబానికి ఒక్కో గది, అందరికీ కలిపి ఒకే స్నానాల గది. తండ్రి కైఫీ ఆజ్మీ కవి, తల్లి షౌకత్ నటి. షౌకత్ గురించి మనవాళ్లు ఎందుకు రాయరో నాకు అర్థం కాదు. హైదరాబాద్ పిల్ల, 1947లో ముషాయిరాలో కైఫీని చూసి, ఇష్టపడి, బొంబాయి పోయి పెళ్లి చేసుకుంది. కవికి వచ్చేదెంత, ఇల్లు గడవాలి. పృథ్వీ థియేటర్‌లో చేరింది, నెలల పిల్ల షబానాను వీపున కట్టుకుని రిహార్సల్స్‌కు పోయేది. వామపక్ష కళాకారుల నాటక సంఘం ఇప్టాలో నాటకాలు వేసింది. సినిమాల్లో 'గరం హవా' చేసింది, 'ఉమ్రావ్ జాన్' చేసింది, హైదరాబాద్ కథ 'బాజార్' చేసింది, 'సలాం బాంబే'లోనూ ఉంది. ఎక్కడా ఆమె హీరోయిన్ కాదు. హీరోయిన్ కావాలని కూర్చుని ఉంటే ఒక్కటీ చేసేది కాదేమో. 2019లో పోయింది. నా మటుకు నాకు కూతురి కంటే తల్లి కెరీరే ఎక్కువ ఆశ్చర్యం, కానీ దాని గురించి ఇంకోసారి రాస్తాను, ఇప్పుడు మొదలుపెడితే ఆగను.

నిశాంత్‌లో షబానాది బడిపంతులు భార్య సుశీల. దొర తమ్ముళ్లు ఆమెను ఇంట్లోంచి ఎత్తుకుపోతారు. అందులో అమ్రీష్ పురి, గిరీష్ కర్నాడ్, నసీరుద్దీన్ షా, అనంత్ నాగ్, మోహన్ అగాషే, స్మితా పాటిల్. ఇంతమందిలో ఒక్కరికీ సినిమా మొత్తం రాసివ్వలేదు. ఒకరు మాట్లాడుతుంటే మిగతావాళ్లు ఊరికే నిలబడరు, వెనక నిలబడ్డవాడి భయం కూడా సీనులో భాగం. గుడిలో సుశీల మొగుడిని నిలదీసే సీను ఒక్కటి చూడండి చాలు. కోపం మొత్తం షబానాది, సరే. కర్నాడ్ దాన్ని పుచ్చుకునే తీరు, ఆ చేతకానితనం, ఆ తలొంచుకోవడం లేకపోతే ఆ కోపం గాల్లోకి పోతుంది. మన సినిమాల్లో ఇలాంటి సీనుకు ఏం చేస్తారో తెలుసు కదా, హీరోయిన్ ముఖం మీద క్లోజప్, వెనక వయొలిన్, ఎదుటివాడు ఫ్రేములోంచి అవుట్.

'మండీ' ఇంకా నయం, 1983. షబానాకు అప్పటికి ముప్పై రెండు, ముప్పై మూడేళ్లు. ఆ వయసులో హీరోయిన్‌గా ఇంకా నాలుగైదేళ్లు లాగొచ్చని చూసుకునే చోట, ఆమె వేశ్యావాటిక నడిపే నడివయసు రుక్మిణీబాయి వేషం వేసింది. వక్క నములుతూ, ఒకరిని బుజ్జగిస్తూ ఇంకొకరిని తిడుతూ, పెద్దమనుషుల ముందు ఒక గొంతు, పిల్లల ముందు ఒక గొంతు. ఆ ఇంట్లో స్మితా పాటిల్, సోనీ రాజ్దాన్, నీనా గుప్తా, ఇలా అరుణ్ ఉన్నారు, పనివాడు తుంగ్రూస్‌గా నసీర్. అందరి గోలా ఒకేసారి వినబడుతుంటుంది, ఆ గోలలోనే ఎవరి కష్టం వారిది తెలుస్తుంటుంది. ఆ ఇల్లు నడిపేది రుక్మిణి, ఆ సినిమా గోలను తాళంలో ఉంచేది షబానా.

ఇక్కడ స్మిత మాట వస్తుంది, రాకుండా ఉండదు. "కలిసి పని చేయడం అంటున్నారు, మరి వాళ్లిద్దరికీ పడేది కాదు కదా" అంటారు. అవును, పడేది కాదు. పత్రికలు కొంత పెంచాయి, కానీ లేనిదాన్ని పుట్టించలేదు. స్మిత 1986 డిసెంబర్‌లో 31 ఏళ్లకే పోయింది. ఆమె గురించి అనకూడని మాటలు కొన్ని అన్నానని షబానా తర్వాత పబ్లిగ్గానే బాధపడింది. కలిసి పని చేయడమంటే చేతులు పట్టుకుని తిరగడం అనుకునేవాళ్లకు ఇది పెద్ద పాయింటు. మా ఊళ్లో మగ్గాల దగ్గర తోడికోడళ్లు మాట్లాడుకోకుండా ఏళ్లు గడిపి కూడా చీర తప్పకుండా దింపేవాళ్లు. మండీలో రుక్మిణికి ప్రాణం జీనత్ మీద, జీనత్ వేషం స్మితది. బయట ఏమున్నా కెమెరా ముందు ఒకరికొకరు ఎంత ఇచ్చుకున్నారో చూసినవాళ్లకు తెలుసు. స్నేహం లేకపోయినా బృందం ఉంటుంది, పని మీద గౌరవం ఉంటే చాలు.

సుస్మన్ దగ్గరికి వద్దాం, ఇది నా సొంత గొడవ. ఓం పురి నేతగాడు రాములు, షబానా అతని భార్య గౌరమ్మ. పట్నం నుంచి డిజైన్లు, ఆర్డర్లు పట్టుకుని వచ్చే మందిరగా నీనా గుప్తా. డబ్బు పెట్టింది కూడా చేనేత సహకార సంఘాల సమాఖ్యే, అంటే నేసేవాళ్ల సొమ్ముతో నేసేవాళ్ల సినిమా. అంతకు పదేళ్ల ముందు గుజరాత్ పాల రైతులు తలా రెండు రూపాయలు వేసి బెనెగల్‌తోనే 'మంథన్' తీయించారు, అదే దారి.

చేనేత ఇళ్ల గురించి తెలియనివాళ్లకు ఒక మాట. మగ్గం మీద కూర్చునేది మగవాడు, పేరు అతనిది, కూలి అతని చేతికి వస్తుంది. అంతకు ముందు నూలు తోడడం, కండెలు చుట్టడం, ఆసు పోయడం, రంగు అంటకుండా పోగులకు చిటికి కట్టడంలో సగం, ఇవన్నీ ఆడవాళ్లవి. ఆసు సంగతి చెప్తాను. అర్ధచంద్రాకారంలో మేకులు కొట్టిన చట్రం ఉంటుంది, ఇటు పక్క ఒక మేకు. పోగును పట్టుకుని ఈ మేకు నుంచి ఆ వరసలో మేకుకు, మళ్లీ వెనక్కి, మళ్లీ పక్క మేకుకు. ఒక్క చీరకు చెయ్యి దాదాపు 9 వేల సార్లు అటూ ఇటూ తిరుగుతుంది. ఒక్క పోగు వరస తప్పితే రంగు పడ్డాక పువ్వు పక్కకు జరుగుతుంది, చీర మొత్తం పోయినట్టే. మా చిన్నమ్మ కుడి చెయ్యి ఇప్పటికీ తల మీదికి లేవదు, జడ కూతురో కోడలో వేయాలి. ఆలేరు దగ్గర శారాజీపేట చింతకింది మల్లేశం తల్లి లక్ష్మమ్మ పడే ఈ బాధ చూడలేకే ఏళ్ల తరబడి కుస్తీ పట్టి ఆసు యంత్రం చేశాడు, దానికి తల్లి పేరే పెట్టాడు, 2017లో పద్మశ్రీ వచ్చింది. అది వచ్చేదాకా ఆసు పోసేవాళ్లు ఉన్నారని బయట ప్రపంచానికి తెలియదు. చీర కొన్నవాళ్లకు అసలే తెలియదు.

సుస్మన్‌లో షబానా పని నాకు ఆసు పోసినట్టే కనబడుతుంది. సినిమా ఓం పురిది. కళ్లు పోయేదాకా నేసే రాములు బాధ, అతని పంతం, పనితనం మీద అతని గర్వం, కథ అంతా అతని చుట్టూ. అప్పటికి నాలుగు జాతీయ అవార్డులున్న నటి అందులో పక్కన ఉంటుంది. ఇంటి లెక్కలు చూసుకుంటూ, కూతురి పెళ్లి గురించి గొణుగుతూ, మొగుడి పంతానికి అడ్డం పడుతూ. ఆ అడ్డం లేకపోతే రాములు పంతం ఎంతో మనకు తెలిసేదే కాదు. ఈ వేషానికి ఆమెకు అవార్డేం రాలేదు, ఆమె గురించి రాసేవాళ్లలో దీన్ని తలుచుకునేవాళ్లూ తక్కువే. నేనైతే ఆమె కెరీర్‌లో మొదటి వరసలో పెడతాను. పక్షపాతం అంటే అనండి, పోచంపల్లి మాది.

ఇప్పుడు నాటకం. సినిమా సంగతి ఎలా ఉన్నా, నా వాదనకు అసలు సాక్ష్యం 'తుమ్హారీ అమృతా'. 1992లో మొదలైంది. ఒక అమెరికన్ నాటకాన్ని జావేద్ సిద్దిఖీ ఉర్దూలోకి తెచ్చాడు, ఫిరోజ్ అబ్బాస్ ఖాన్ దర్శకుడు. వేదిక మీద ఇద్దరే, షబానా, ఫారూఖ్ షేక్. అమృతా నిగమ్, జుల్ఫికర్ హైదర్ అనే ఇద్దరు చిన్నప్పటి నుంచి ముప్పై అయిదేళ్ల పాటు రాసుకున్న ఉత్తరాలు. సెట్ లేదు. లేచి తిరగడాలు లేవు, పాట లేదు. చెరో బల్ల ముందు కూర్చుని ఉత్తరాలు చదువుతారు, అంతే. ఒకరి ముఖం ఒకరు చూసుకోరు. ఈ వర్ణన వింటే మనవాళ్లు "ఇది నాటకమా, రేడియోలో వేసుకోవచ్చు కదా" అంటారని నాకు తెలుసు. ఇది 21 ఏళ్లు ఆడింది, దేశదేశాలు తిరిగింది.

నేను హాల్లో కూర్చుని చూడలేదు, వీడియోలోనే చూశాను. చూసేటప్పుడు ఒక పని చేయండి. చదువుతున్న మనిషిని కాకుండా చదవని మనిషిని చూడండి. ఫారూఖ్ చదువుతుంటే షబానా ఏం చేస్తోంది? అతని వైపు తిరగడానికి లేదు. ఊరికే కూర్చుంటే చచ్చిపోతుంది సీను. మరీ ఎక్కువ చేస్తే, అంటే ప్రతి మాటకూ ముఖం మారుస్తూ పోతే, ప్రేక్షకుల చూపు అతని మీద నుంచి లాగేసుకున్నట్టు. ఉత్తరం అందుకుని చదువుకుంటున్న మనిషి ఎంత కదులుతుందో అంతే కదలాలి. అతను ఒక మాట దగ్గర ఆగితే ఆ ఆగడంలో ఈమె ఊపిరి కూడా ఆగాలి. తన వంతు వచ్చినప్పుడు మొదలుపెట్టే గొంతులో ఇప్పటిదాకా విన్నదంతా ఉండాలి. నవ్వు ఆ ఉత్తరంలోంచి వచ్చిందే కావాలి. రోజూ అవే మాటలు, ఇరవై ఏళ్లుగా అవే కాగితాలు, అయినా మొదటిసారి విన్నట్టు వినాలి. నటించడం చాలామంది నేర్చుకుంటారు, వినడం నేర్చుకున్నవాళ్లు తక్కువ.

ఈ జోడీ కూడా ఆకాశంలోంచి ఊడిపడలేదు. బొంబాయి సెయింట్ జేవియర్స్ కాలేజీలో చదువుకునేటప్పుడే వీళ్లిద్దరూ కలిసి హిందీ నాటక సంఘం పెట్టుకున్నారు. అంటే ఆ బల్లల ముందు కూర్చునే నాటికే వీళ్లిద్దరికీ ఇరవై ఏళ్లకు పైబడిన పరిచయం. ఇంకో ఇరవై ఒక్క ఏళ్లు బల్లల దగ్గర. 2013 డిసెంబర్ 14న ఆగ్రాలో తాజ్‌మహల్ ముందు వేశారు. అదే నెల 28న ఫారూఖ్ దుబాయ్‌లో గుండెపోటుతో పోయాడు. ఈ నాటకాన్ని షబానా అవార్డుల లెక్కలో ఏ వేలు మడిచి చెప్తారు?

మన వైపు చూస్తే ఏముంది? ఉండాల్సినంత ఉండేది. ఇప్టా 1943లో బొంబాయిలో పుట్టిన సంవత్సరమే ఆంధ్రలో ప్రజానాట్యమండలి పుట్టింది. 1947లో సుంకర, వాసిరెడ్డి రాసిన 'మా భూమి' నాటకం కథ ఎక్కడిది? అప్పటి నల్లగొండ జిల్లా జనగామ తాలూకా కామారెడ్డిగూడెం బందగీది, విసునూరు దొరకు ఎదురు నిలిచి చచ్చిపోయిన బందగీది. ఆ నాటకం ఆంధ్ర ఊళ్లన్నీ తిరిగింది. జమున చిన్నపిల్లగా 'మా భూమి'లో వేస్తే అది చూసి డాక్టర్ గరికపాటి రాజారావు ఆమెను 'పుట్టిల్లు'కు తీసుకున్నాడని చెప్తారు. మన మట్టి కథ ఇంకో జిల్లా పిల్లకు బడి అయింది. సంతోషమే. మన జిల్లా పిల్లలకు ఎందుకు కాలేదనేది ప్రశ్న. మన దగ్గరి నుంచి గుడిబండ కాంతారావు పోయాడు, నాటకాల నుంచి సినిమాలకు పోయి కత్తి తిప్పి పేరు తెచ్చుకున్నాడు. ఆడపిల్ల పేరు చెప్పమంటే తడుముకోవాలి. పల్లెల్లో పౌరాణికాలు వేసినప్పుడు చంద్రమతికో సత్యభామకో ఆడమనిషి కావాలంటే బయటి నుంచి డబ్బిచ్చి పిలిపించేవాళ్లు, లేదంటే మీసం గీయించుకుని మగవాడే వేసేవాడు. పిలిపించిన ఆమెకు రిహార్సల్ ఉండదు, పొద్దుగూకే వేళకు దిగుతుంది, హార్మోనియం వాయించే ఆయనతో శ్రుతి చూసుకుంటుంది, రాత్రంతా ఆడుతుంది, తెల్లారి బస్సెక్కి పోతుంది. ఆమెకు బృందమే లేదు. నాటకం మధ్యలో పోచుకోలు మాటలు విసిరేవాళ్లు మాత్రం ప్రతి ఊళ్లో ఉండేవాళ్లు.

తెలంగాణ శకుంతల సంగతి తలుచుకుంటే నాకు కడుపు మండుతుంది. మహారాష్ట్రలో పుట్టి, రంగస్థలం మీద పని నేర్చుకుని, గౌతమ్ ఘోష్ 'మా భూమి'తో సినిమాల్లోకి వచ్చింది. అంకుర్ తర్వాత అయిదేళ్లకు తీసిన సినిమా అది, అదే దొరతనం, ఈసారి తెలుగులో. మొదలు ఎంత దగ్గరదగ్గరగా ఉందో చూడండి. తర్వాత? షబానాకు బెనెగల్ బృందం ఉంది, మృణాల్ సేన్ పిలిచాడు, ఇప్టా ఉంది, ఫారూఖ్ ఉన్నాడు. శకుంతలకు ఇండస్ట్రీ ఇచ్చింది గట్టిగా అరిచే వేషాలు. 'నువ్వు నేను', 'ఒక్కడు', బాగా చేసింది, జనం ఈలలు వేశారు. ఆ అరుపు వెనక ఎంత నటి ఉందో చూపించే వేషం ఎన్నేళ్లకు ఒకటి వచ్చింది? 2014లో పోయింది. ఇద్దరి ప్రతిభ సమానమా కాదా అని నేను తూకం వేయడం లేదు. ఒకామె చుట్టూ మనుషులున్నారు, ఇంకొకామె చుట్టూ లేరు, నేను చెప్పేది అది.

దీనికి ఎదురువాదం నాకు తెలుసు. కైఫీ ఆజ్మీ కూతురు, ఇంటి నిండా కవులు, బొంబాయిలో ఇల్లు, చదువు, ఆమెకు బృందాలు దొరక్క ఎవరికి దొరుకుతాయి, స్టార్ అయినవాళ్లకే "అంతా టీమ్ వర్క్" అనే సుఖం ఉంటుంది అని. ఇందులో సగం ఒప్పుకుంటాను. ఆ ఇంట్లో పుట్టడం ఆమె గొప్ప కాదు. కానీ ఆ ఇంట్లో పుట్టి, 1977లోనే 'అమర్ అక్బర్ ఆంథోనీ' లాంటి పెద్ద హిట్‌లో ఉండి, ఆ దారినే పోవచ్చు. పెద్ద పేరు వచ్చాక నటులు చేసే మొదటి పని తమ చుట్టూ తమకన్నా తక్కువవాళ్లను పెట్టుకోవడం, ఇది సినిమాలోనే కాదు, మన జిల్లా రాజకీయాల్లో కూడా చూస్తున్నాం. ఆమె ఎప్పుడూ తనకు సాటివచ్చేవాళ్ల మధ్యకే పోయింది, ఓం పురి, నసీర్, స్మిత, 'ఫైర్'లో అప్పుడే వస్తున్న నందితా దాస్. పక్కవాళ్లు మింగేస్తారనే టెన్షన్ లేనివాళ్లే అట్లా పోగలరు.

నేను డిగ్రీలో ఉండగా ఒక నాటిక పోటీలో నాకు ఉత్తమ నటి షీల్డ్ వచ్చింది. అందులో నా అత్తగా వేసిన అమ్మాయి నాకు ప్రతి డైలాగూ అందించింది. నేను ఒకచోట మరిచిపోయి నిలబడిపోతే తను ఒక తిట్టు కల్పించి తిట్టి, నాకు గుర్తొచ్చేదాకా సీను లాగింది. హాల్లో ఎవరికీ తెలియలేదు. నిర్వాహకులకూ తెలియలేదు. బృందానికి ఏమీ రాలేదు, ఆ అమ్మాయికి సర్టిఫికెట్‌లో పేరు కూడా తప్పు పడింది. తర్వాత తనకు పెళ్లయింది, నాటకాలు మానేసింది. మానిపించారనాలి. ఇప్పటికీ మన పోటీలన్నీ ఇదే తీరు, ఉత్తమ నటుడు, ఉత్తమ నటి, ఉత్తమ విలన్. ఎదుటివాళ్లను నిలబెట్టినందుకు బహుమతి ఉండదు, జడ్జీల కళ్లకు అది ఆనదు.

ఇప్పుడు నేను పని చేసే బడిలో తొమ్మిదో తరగతి పిల్ల ఒకతి ఉంది, మంచి గొంతు, భయం లేదు. వాళ్ల నాన్న ఆటో నడుపుతాడు. ఎవరో షార్ట్ ఫిలిం తీస్తామని, హీరోయిన్ ఛాన్స్ ఇస్తామని, ముందు కొంచెం డబ్బు కట్టాలని చెప్పారట. ఆయన నా దగ్గరికి వచ్చి, "ఏమంటరు మేడమ్, పంపుమంటరా?" అని అడిగాడు. వద్దన్నాను. డబ్బు అడిగినవాళ్ల దగ్గరికి అసలే వద్దన్నాను. ఆదివారాలు మేం కొందరం టీచర్లం, పాత విద్యార్థులం కలిసి నాటిక తయారుచేసుకుంటున్నాం, దాంట్లోకి పంపమన్నాను. అందులో ఆ పిల్లకు పెద్ద వేషం లేదని కూడా చెప్పేశాను, మొదటి ఆరు నెలలు ఎదుటివాళ్లు మాట్లాడేది వింటూ నిలబడాలి, సామాన్లు సర్దాలి, ప్రాంప్టింగ్ చేయాలి.

ఆయన ఇంకో ప్రశ్న అడిగాడు. "గిట్ల చేస్తే ఏమొస్తది మేడమ్?"

పైసలు రావన్నాను. పేరు కూడా వస్తుందని చెప్పలేనన్నాను. పని వస్తుంది, వచ్చిన పని పోదు, పదిమంది మనుషులు తెలుస్తారు, రేపు నిజంగా ఎవరైనా పిలిస్తే ఏది మంచి వేషమో ఏది మోసమో తనకే తెలుస్తుందన్నాను. ఆయన తలూపాడు, ఇంట్ల అడిగి చెప్త అన్నాడు. ఆ డబ్బు మాత్రం కట్టలేదని తెలిసింది, అంతవరకు నయం.